అద్దెకు బదులు బొమ్మ: చెల్సీ హోటల్ మేనేజర్ స్టాన్లీ బార్డ్

కళాపోషణ అనగానే మనకు రాజులు గుర్తొస్తారు. రాయలు పెద్దనను ఆదరించాడు, పెద్దన మనుచరిత్రను రాయలకు అంకితమిచ్చాడు. మన సాహిత్య చరిత్ర పాఠాల్లో ఇలాంటివి చాలానే చదువుకున్నాం. మరి రాజులు లేని ఊళ్లో, చేతిలో డబ్బులేని రచయితకు నీడ ఎవరిస్తారు? న్యూయార్క్‌లో ఒక హోటల్ మేనేజర్ జీవితంలో దీనికి కొంత జవాబు దొరికింది నాకు. అందుకే ఈసారి ఆయన గురించి రాస్తున్నాను. పేరు స్టాన్లీ బార్డ్ (1934–2017).

ముందు భవనం సంగతి

మన్‌హాటన్ 23వ వీధిలో 12 అంతస్తుల ఎర్ర ఇటుకల భవనం చెల్సీ హోటల్. 1880ల్లో కట్టినప్పుడు అది హోటల్ కాదు. కొన్ని కుటుంబాలు వాటాలు వేసుకుని కట్టుకున్న సహకార అపార్ట్‌మెంట్. అది దివాలా తీశాక 1905లో హోటల్‌గా మారింది. మన సివిల్ వాళ్లకు నచ్చే విషయం ఒకటుంది. గోడలు బాగా మందం. పక్క గదిలో పియానో వాయిస్తున్నా ఇటువైపు రాసుకునేవాడి పని చెడదు. వర్జిల్ థామ్సన్ అనే సంగీతకర్త దశాబ్దాల తరబడి ఇక్కడే ఉండిపోయాడు.

ప్లంబర్ పక్కన మొదలైన ఉద్యోగం

స్టాన్లీ తండ్రి డేవిడ్ బార్డ్ హంగేరీ నుంచి వలస వచ్చినవాడు. 1940ల్లో ఇద్దరు భాగస్వాములతో కలిసి ఈ హోటల్ కొన్నాడు. కొడుకుని నేరుగా మేనేజర్ కుర్చీలో కూర్చోబెట్టలేదు. 1957లో స్టాన్లీ ప్లంబర్‌కి సహాయకుడిగా చేరాడు. పైపులు బాగుచేస్తూ గది గదికీ తిరిగాడు కాబట్టి ఎవరెవరు ఏం రాస్తున్నారో, ఏం గీస్తున్నారో దగ్గరగా చూసే అవకాశం ఆయనకు దొరికింది. 1964లో తండ్రి పోయాక నిర్వహణ ఆయన చేతికొచ్చింది.

ఆ దశాబ్దంలో అక్కడ ఉన్నవాళ్లను చూడండి. నాటక రచయిత ఆర్థర్ మిల్లర్ కొన్నేళ్లు కాపురమున్నాడు. ఆర్థర్ సి. క్లార్క్ ‘2001: ఎ స్పేస్ ఒడిస్సీ’ పని ఇక్కడే చేశాడు. బాబ్ డిలన్, లెనార్డ్ కోహెన్ కూడా ఇక్కడ గదులు తీసుకున్నవాళ్లే.

పేరున్నవాళ్లకు గదివ్వడం గొప్ప కాదు కదా అనొచ్చు. అందుకే 1969 నాటి సంగతి చెప్పాలి. పుస్తకాల షాపులో పనిచేసే ఒక అమ్మాయి, జబ్బుతో ఉన్న స్నేహితుణ్ణి తీసుకుని కౌంటర్ దగ్గరికొచ్చింది. చేతిలో డబ్బుల్లేవు. మా బొమ్మలు పూచీగా పెట్టుకోండి, జీతం రాగానే కడతాను అంది. బార్డ్‌కు పూర్తి నమ్మకం కుదరలేదు, అయినా తాళం ఇచ్చాడు. 1017 నంబరు, చిన్న గది, వారానికి 55 డాలర్లు. ఆ ఇద్దరూ తర్వాత పెద్ద పేరు తెచ్చుకున్న పాటీ స్మిత్, రాబర్ట్ మేపుల్‌థార్ప్. పాటీ స్మిత్ తన ‘జస్ట్ కిడ్స్’ పుస్తకంలో ఈ సంగతంతా రాసింది.

ఆయన ఇచ్చిందేమిటి?

నాకు అర్థమైనంతలో బార్డ్ ఇచ్చింది డబ్బు కాదు, గడువు. ఆయన అద్దె మాఫీ చేసే ధర్మదాత కాదు. బకాయి కోసం వెంటపడేవాడు. కానీ ఈ నెల లేదంటే వచ్చే నెల దాకా ఆగేవాడు, ఒక్కోసారి బొమ్మ తీసుకుని సర్దుకునేవాడు. అలా లాబీ గోడలూ మెట్లదారీ బొమ్మలతో నిండిపోయాయి. వాటిని చూడ్డానికి టూరిస్టులు వచ్చారు, వాళ్ల డబ్బుతో హోటల్‌కూ ఆదాయం వచ్చింది. కృతి అంకితమివ్వమని మాత్రం ఎవరినీ అడగలేదు.

రెండో వైపు

ఎవరినీ పెద్దగా ప్రశ్నించని చోటుకి మత్తుమందులూ వచ్చాయి. 1978లో 100వ నంబరు గదిలో నాన్సీ స్పంజెన్ అనే యువతి కత్తిపోటుతో చనిపోయింది. అరెస్టయిన ఆమె స్నేహితుడు, గాయకుడు సిడ్ విషస్, విచారణ జరగకముందే పోయాడు. చూసీచూడనట్టు ఉండటం కళాకారుడికి స్వేచ్ఛ అయితే, ఇంకొకరికి ప్రాణం మీదికి తెచ్చింది. బార్డ్ గురించి చెప్పేటప్పుడు ఇది దాచకూడదు.

ఇంకో లోపం కూడా ఉంది. అంతా ఒక్క మనిషి ఇష్టం మీద నడిచింది. ఎవరికి గది, ఎంత అద్దె, ఎన్నాళ్ల గడువు అన్నదానికి రాతపూర్వకమైన నియమం లేదు. 2007లో మిగతా భాగస్వాముల వారసులు బోర్డులో నిర్ణయించి ఆయన్ని తప్పించేశారు. 2011లో హోటల్ అమ్ముడుపోయింది. మూసేసి, ఏళ్ల తరబడి మరమ్మతులు చేసి, 2022లో ఖరీదైన హోటల్‌గా తెరిచారు. పాతవాళ్లలో కొందరు ఆ దుమ్ములో, చప్పుడులో కూడా అక్కడే ఉండగలిగారు. వాళ్లను నిలబెట్టింది బార్డ్ మంచితనం కాదు, అప్పటికి ఆయన లేడు. న్యూయార్క్ అద్దెదారుల రక్షణ చట్టం నిలబెట్టింది.

మన చర్చకి

కౌంటర్ దగ్గర ఆ అమ్మాయికి తాళం ఇమ్మని ఏ చట్టమూ చెప్పదు. దానికి బార్డ్ లాంటి మనిషే కావాలి. కానీ ఆ మనిషి పోయాక కూడా గది మిగలాలంటే నియమం కావాలి. వచ్చే క్లబ్ మీటింగ్‌లో మాట్లాడుకోవడానికి రెండు ప్రశ్నలు:

1. మన క్యాంపస్‌లో రాసేవాళ్లకి, గీసేవాళ్లకి ఇప్పుడు దొరుకుతున్న చోటు ఏ ఒక్కరి మంచితనం మీద ఆధారపడి ఉంది? ఆ ఒక్కరు పాసవుట్ అయితే?

2. దాన్ని నియమంగా మారిస్తే, ఇంకా ఏ పేరూ లేని ఫస్టియర్ కుర్రాడికి చోటు దొరుకుతుందా?