స్ఫటిక గాయకులు

సంగీతము వినోదమునకే గాని జీవనోపాధికి బనికిరాదని కొందరు తలంతురు. గాత్రమే పనిముట్టుగా, కొండచరియయే పనిచోటుగా గల యొక వృత్తిని ఒక రచయిత్రి తన నవలలో కల్పించిరి. అట్టి వృత్తి లోకమున లేదు. అయినను, చదువు ముగించి యే పనిలో బ్రవేశింపవలెనా యని యోచించు విద్యార్థులకును, వారి తలిదండ్రులకును దాని కథ విచారింపదగినది. కావున దానిని గూర్చి యిచట వ్రాయుచున్నాము.

ఆ రచయిత్రి ఆన్ మెకాఫ్రీ. వీరు 1926లో అమెరికాలోని మసాచుసెట్స్ రాష్ట్రమున జన్మించి, 1970లో ఐర్లండు దేశమునకు బోయి స్థిరపడి, 2011లో నచటనే కాలధర్మము నొందిరి. వీరు స్వయముగా గాత్రసంగీతము నభ్యసించినవారు. 1982లో వెలువడిన 'క్రిస్టల్ సింగర్' అను నవలయందు ఈ వృత్తిని వర్ణించి, 1985లోను, 1992లోను ఆ కథనే మరి రెండు గ్రంథములలో కొనసాగించిరి.

నవలలోని కాలమున అనేక నక్షత్రలోకములు ఒక సమాఖ్యగా నేర్పడి తమలో దాము వర్తకము చేయుచుండును. ఇట్టి వర్తకమునకు దూరమే ప్రథమ శత్రువు. మన సూర్యునికి మిగుల సమీపమున నున్న నక్షత్రమునుండి వెలుతురు మనలను జేరుటకే నాలుగేండ్లకు పైగా పట్టును. అచటి వర్తకుని ధర యడిగి ప్రత్యుత్తరము పొందుటకు ఎనిమిదేండ్లు గావలెను గదా! ఈ చిక్కును దీర్చుటకై రచయిత్రి నల్ల స్ఫటికమును గల్పించిరి. తమలో సంబంధము గల నల్ల స్ఫటికములను వేర్వేరు లోకములందు నిలిపినచో వార్త తత్క్షణమే యందును. అది బాలీబ్రాన్ అను నొక్క గ్రహమున మాత్రమే దొరకును. దానిని ద్రవ్వి తీయు హక్కు హెప్టైట్ సంఘము వారిది.

త్రవ్వు విధానము విచిత్రమైనది. గాయకుడు కొండచరియ యెదుట నిలిచి స్వరమాలపించును. లోపలి స్ఫటికము తన శ్రుతిలో బదులు పలుకును. అంతట నతడు తన కోతయంత్రమును ఆ శ్రుతికే మేళవించి రాతిని గోయును. శ్రుతి తప్పినచో స్ఫటికము చెడును. కావున నిర్దుష్టమైన స్వరజ్ఞానము లేనివారికి ఈ పనిలో చోటు లేదు.

ఈ కల్పన కొంత ప్రకృతిశాస్త్రమునకు దగ్గరగా నున్నది. రెండు తీగలను ఒక్క శ్రుతికి మేళవించి, ఒకదానిపై చిన్న కాగితపు ముక్క నుంచి రెండవదానిని మీటుడు. ముక్క యదరుట కాననగును. దీనినే అనునాదమందురు. మరియు స్ఫటికము నొత్తినచో విద్యుత్తు పుట్టునని 1880లో క్యూరీ సోదరులు కనుగొనిరి. విద్యుత్తు తగిలినచో స్ఫటికము కంపించుననియు తరువాత తేలెను. నేటి చేతి గడియారములలో సన్నని స్ఫటికపు తునుక సెకండునకు 32,768 మారులు కంపించి కాలమును గొలుచుచున్నది.

ఇక ఈ వృత్తికి జెల్లింపవలసిన మూల్యమును జూతము. బాలీబ్రాన్ గ్రహమున నడుగిడినవారి దేహమున ఒక సూక్ష్మజీవి ప్రవేశించును. అది కొందరికి బొసగదు. అట్టివారిలో కొందరు వినికిడి గోల్పోవుదురు, కొందరు మరణింతురు. పొసగినవారికి దీర్ఘాయువు గలుగును. గాయములు త్వరగా మానును. కాని వారికి సంతానము గలుగదు. ఆ గ్రహమును విడిచి చిరకాలముండ జాలరు. తుపాను వీచునపుడు కొండలోని స్ఫటికములన్నియు నొక్కమారుగా మ్రోగి, చిక్కినవారి బుద్ధిని జెరచును. పనిముట్లకై సంఘమునకు బడిన ఋణము వేరు. వీనియన్నిటికంటె ఘోరమైనది జ్ఞాపకనాశము. స్ఫటికమును గోసినకొలది గాయకుడు మిత్రులను, బంధువులను, తుదకు తన బాల్యమును సైతము మరచును.

సంఘమువారు ఈ యపాయములను దాచిపెట్టరు. చేరగోరువారికి ముందుగా దెలుపవలెనని శాసనము గలదు. అయినను జనులు చేరుచునే యుందురు. కథానాయిక కిల్లషాండ్ర పదియేండ్లు సంగీతము నభ్యసించిన పిదప, ఆమె గాత్రమున నొక దోషము గలదనియు, అగ్రశ్రేణి గాయని కాజాలదనియు ఆచార్యుడు తీర్పు చెప్పెను. రెండవ స్థానము నామె యొల్లదు. వెంటనే విద్యాలయమును విడిచి, యాదృచ్ఛికముగా నొక స్ఫటిక గాయకుని గలిసికొని, ఆచార్యుడు వారించినను వినక ఆ వృత్తిలో బ్రవేశించెను. అచట గీర్తి, ధనము లభించినవి. మూడవ గ్రంథము నాటికి ఆమె తన గతమును జాలవరకు మరచియున్నది.

రంగస్థలమునకు బనికిరాని గాత్రము కొండయెదుట బనికివచ్చెను. ఇది నిరాశ నొందిన విద్యార్థికి ధైర్యమునిచ్చు మాట. ఒక పరీక్షలో తప్పినవాడు అన్నిట దప్పినట్లు గాదు. కాని అభిమానము దెబ్బతిన్న దినముననే జీవితమునంతయు నిర్ణయించుకొనుట వివేకము గాదు. అపాయమును ముందుగా జెప్పుట న్యాయమే. అయినను, గాయపడిన మనస్సు ఆ మాటను సరిగా తూచజాలదు. పిల్లలకు బనులు వెదకు పెద్దలు జీతమెంత యని యడుగుట సహజమే. ఆ పని తన వారినుండి యేమి తీసికొనునని కూడ నడుగవలెనని మా మనవి. ఆరోగ్యమా, తీరికయా, ఇంటివారి సహవాసమా? ఈ ప్రశ్నను కొన్ని దినములు ఓపికతో విచారించి, పిదపనే సమ్మతి దెలుపుట మేలు.