అమెరికా ప్రయాణానికి ముందు టీకాల మాట

రాయ్‌పూర్



టెక్సస్‌లో సీటు వచ్చిందని మీ అమ్మ ఫోన్ చేసి చెప్పింది. చాలా సంతోషం. బ్యాంకు లోను, ఐ-20, వీసా స్లాటు గురించి నీకు చెప్పేవాళ్ళు హైదరాబాదులో గల్లీకొకరు ఉంటారు. నేను రైల్వే ఆసుపత్రిలో ఏళ్ళ తరబడి సూదులు వేసినదాన్ని. అందుకని టీకాల గురించే రాస్తాను. పిల్లలు చివరికి నెట్టేసే పని ఇదే, చివర్లో ఎంత తొందరపడినా కాని పనీ ఇదే.

నువ్వు వెళ్ళేది విద్యార్థి వీసా మీద. దానికి కాన్సులేట్‌వాళ్ళు టీకాల కాగితం అడగరు. అడిగేది యూనివర్సిటీ. వీసా స్టాంపింగ్ అయిపోయింది కదా అని ఊరుకున్నవాళ్ళకు అక్కడికి వెళ్ళాక రిజిస్ట్రేషన్ దగ్గర హోల్డ్ పడుతుంది. శాశ్వత నివాసానికి వెళ్ళేవాళ్ళ సంగతి వేరు. 1996లో అమెరికా చేసిన చట్టం ప్రకారం తట్టు, గవదబిళ్ళలు, రుబెల్లా, పోలియో, ధనుర్వాతం, కంఠసర్పి, కోరింత దగ్గు, హెపటైటిస్-బి వంటి వాటికి టీకాలు పడినట్టు వాళ్ళు రుజువు చూపాలి. రేపు నువ్వు అక్కడే ఉద్యోగం చేసి గ్రీన్‌కార్డుకు పెట్టుకుంటే ఐ-693 ఫారంలో ఇవన్నీ మళ్ళీ అడుగుతారు. ఇప్పుడు తీసుకునే కాగితాలు అప్పటిదాకా భద్రంగా ఉండాలి.

నీ చిన్నప్పటి కార్డు మీ అమ్మ నాకు ఇచ్చింది. బీసీజీ, పోలియో చుక్కలు, డీపీటీ, తొమ్మిదో నెలలో తట్టు టీకా, అంతే. అందులో మీ అమ్మానాన్నల లోటేమీ లేదు. 2005లో ఇక్కడి ప్రభుత్వ టీకాల్లో ఉన్నవే అవి. తట్టుకు రెండో డోసు మన దేశంలో మొదలైంది 2010లో. హెపటైటిస్-బి దేశమంతటికీ వచ్చింది 2011లో. రుబెల్లా 2017లో వచ్చింది. గవదబిళ్ళల టీకా ఈనాటికీ ప్రభుత్వ జాబితాలో లేదు. బడిలో నీకు ఇంకేవో సూదులు వేసే ఉంటారు, కానీ అవి ఏ కార్డులోకీ ఎక్కలేదు. పైగా ఈ కార్డు హిందీలో ఉంది, ఇంటిపేరు లేకుండా ముద్దుపేరుతో ఉంది. పాస్‌పోర్టులో పేరుకూ దీనికీ పొంతన లేదు. దీన్ని పట్టుకుని వాదించడం కంటే కొత్తగా వేయించుకోవడం మేలు. ఇదివరకే పడి ఉన్నా, తట్టు, గవదబిళ్ళలు, రుబెల్లా మూడింటికీ కలిపి వేసే ఎంఎంఆర్ టీకా మరోసారి వేయించుకుంటే హాని ఏమీ లేదు.

ఎంఎంఆర్ రెండు డోసులు కావాలి. రెండింటి మధ్య కనీసం 28 రోజులు ఉండాలి. ఎంత డబ్బు పెట్టినా ఆ 28 రోజులు 20 కావు. మొదటిది హైదరాబాదులోనే ఏదైనా మంచి క్లినిక్‌లో ఈ నెలలో వేయించుకో. పరీక్షలయ్యి ఇంటికి వచ్చాక రెండోది ఇక్కడ వేయిద్దాం. హెపటైటిస్-బి మూడు డోసులు పూర్తి కావడానికి ఆరు నెలలు పడుతుంది. మీ యూనివర్సిటీ అది అడిగినా అడగకపోయినా మొదలుపెట్టు.

మెదడు పొరల వాపు టీకా, అంటే మెనింజైటిస్‌ది, టెక్సస్‌లో చట్టమే. 2008లో ఆస్టిన్‌లో చదువుతున్న జేమీ షాన్‌బామ్ అనే అమ్మాయికి ఆ జబ్బు వచ్చి కాళ్ళు, చేతివేళ్ళు పోయాయి. ఆ కుటుంబం పట్టుబట్టి పోరాడితే 2009లో హాస్టల్ పిల్లలకు టీకా తప్పనిసరి చేశారు. 2011లో నికోలిస్ విలియమ్స్ అనే కుర్రాడు అదే జబ్బుతో చనిపోయాడు. అతను హాస్టల్లో ఉండేవాడు కాదు. అప్పుడు బయట ఉండి చదివేవాళ్ళకూ చట్టాన్ని విస్తరించారు. ఇప్పుడది ఆ ఇద్దరి పేర్లతోనే ఉంది. 22 ఏళ్ళలోపు వాళ్ళు తరగతులు మొదలవడానికి కనీసం 10 రోజుల ముందు ఈ టీకా వేయించుకుని ఉండాలి. ఆగస్టుకి నీకు 22 నిండవు కనుక అది నీకూ వర్తిస్తుంది. నిండినా నేను వేయించుకోమనే చెప్పేదాన్ని. కొత్త ఊళ్ళో నలుగురు ఒకే గదిలో సర్దుకునే పిల్లలకు అది అవసరం.

ఇక టీబీ పరీక్ష. మన దేశం నుంచి వెళ్ళేవాళ్ళని చాలాచోట్ల అడుగుతారు. చిన్నబుచ్చుకోకు. మన దగ్గర ఆ జబ్బు ఎక్కువన్నది నిజం. నీ ఎడమ భుజం మీద మచ్చ ఉంది చూడు, అది టీబీ టీకా బీసీజీది. ఆ టీకా పడినవాళ్ళకు చర్మం మీద చేసే పరీక్ష జబ్బు లేకపోయినా ఉన్నట్టు చూపించవచ్చు. అందుకని రక్తపరీక్షే అడుగు, దాని మీద బీసీజీ ప్రభావం ఉండదు. ఎంఎంఆర్ వేసిన రోజే రక్తం ఇవ్వాలి, లేదంటే నాలుగు వారాలు ఆగాలి. ఈ సంగతి చాలా ల్యాబుల్లో చెప్పరు.

ప్రతి దేశానికీ ఒక లెక్క ఉంటుంది. ఇక్కడి డబ్ల్యూఆర్‌ఎస్ రైల్వే కాలనీలో మనవాళ్ళ అబ్బాయి ఒకడు ఉద్యోగానికి ఘనా వెళ్తున్నాడు. అతనికి ఎల్లో ఫీవర్ టీకా లేనిదే ప్రవేశం లేదు. టీకా వేసిన పదో రోజు నుంచి ఆ సర్టిఫికెట్ చెల్లుతుంది. 2016 నుంచి అది జీవితాంతం పనికొస్తుంది. తిరిగి వచ్చేటప్పుడు మనవాళ్ళూ అడుగుతారు, లేకపోతే ఆరు రోజుల దాకా క్వారంటైన్‌లో ఉంచుతారు. ఆ జబ్బును మోసే దోమ మన దేశంలో ఉంది, వైరస్ మాత్రం లేదు. దాన్ని రానివ్వకూడదనే ఈ కట్టడి.

2021 గుర్తుంది కదా. మీ హైదరాబాదులోని జీనోమ్ వ్యాలీలో తయారైన కోవిడ్ టీకా కోవాగ్జిన్‌కు ప్రపంచ ఆరోగ్య సంస్థ గుర్తింపు వచ్చింది నవంబరు 3న. ఆగస్టులోనే చదువులకు బయల్దేరిన మన పిల్లలను చాలా యూనివర్సిటీలు వేరే టీకా మళ్ళీ వేయించుకోమన్నాయి. టీకాలో లోపం లేదు, అక్కడి జాబితాలో పేరు లేదంతే. కనుక మీ యూనివర్సిటీవాళ్ళు ఏది ఒప్పుకుంటారో రాతపూర్వకంగా అడిగి తెలుసుకో. పోయినేడు వెళ్ళిన సీనియర్ మాట మీద ఆధారపడకు, నిబంధనలు మారుతుంటాయి. గ్రీన్‌కార్డువాళ్ళకు పెట్టిన కోవిడ్ టీకా నిబంధననే 2025 జనవరిలో ఎత్తేశారు.

కాగితం యూనివర్సిటీ ఇచ్చిన ఫారం మీదే నింపించు. పేరు పాస్‌పోర్టులో ఉన్నట్టు అక్షరం తేడా లేకుండా ఉండాలి. డాక్టరు సంతకం, రిజిస్ట్రేషన్ నంబరు, సీలు ఉండాలి. తేదీలో నెలను అంకెతో కాకుండా పేరుతో రాయించు. మనం జూలై 5 అనుకుని 5/7 అని రాస్తే వాళ్ళు మే 7 అని చదువుతారు.

సూది లేకుండా సీలు వేయించి ఇస్తామనేవాళ్ళు నీకు తప్పక ఎదురవుతారు. వాళ్ళ దగ్గరికి వెళ్ళకు తల్లీ. 2025లో పశ్చిమ టెక్సస్‌లోనే తట్టు లేచి 760 మందికి పైగా సోకింది, ఇద్దరు పిల్లలు పోయారు. దొంగ సీలు నిన్ను ఆ జబ్బు నుంచి కాపాడదు, నీ పక్కన కూర్చున్నవాళ్ళ ఇంట్లో పసిబిడ్డనూ కాపాడదు. మా చిన్నతనంలో విదేశం వెళ్ళాలంటే మశూచి టీకా కాగితం తప్పనిసరి. 1980లో ఆ జబ్బు లోకంలోనే లేదని ప్రకటించాక ఆ కాగితం అవసరమూ పోయింది. జనం నిజంగా వేయించుకున్నారు కనుకే ఆ జబ్బు పోయింది.

యూనివర్సిటీ ఫారం, వాళ్ళ టీకాల పేజీ ఈ ఆదివారంలోగా నాకు వాట్సాప్‌లో పంపు. నీ పరీక్షల తేదీలు కూడా రాయి. ఏది ఎప్పుడు వేయించుకోవాలో వరుసగా రాసి పంపిస్తాను.

ఇట్లు
మీ పెద్దమ్మ