నిదానంగా మగ్గిన ఉల్లితో చీజ్ పాస్తా: ఎలా చేయాలి?

ఈ పాస్తాకి రుచి చీజ్ వల్ల వస్తుందని, క్రీమ్ ప్యాకెట్ వల్ల వస్తుందని చాలామంది అనుకుంటారు. నిజానికి ఆ రుచంతా ఉల్లిపాయలది. సన్న సెగ మీద ముప్పావు గంట మగ్గిన ఉల్లి ఘాటు పోయి, తియ్యగా మారి, ముదురు రంగుకు వచ్చి సాస్‌లో కలిసిపోతుంది. మిగతా పని పాతిక నిమిషాల్లో అయిపోతుంది. అందుకని ఈ వంట మొదలుపెట్టే ముందు మనం చూసుకోవలసింది గడియారం. గంటంపావు తీరిక ఉన్న సాయంత్రమే దీనికి పూనుకుందాం.

చీజ్, పిండి, పాలతో మాకరోనీ చేసుకోవడం ఇంగ్లండులో పాత అలవాటే. 1769లో ఎలిజబెత్ రాఫాల్డ్ తన వంటల పుస్తకంలో పిండి పట్టించిన వెన్న, క్రీమ్, పర్మెజాన్ చీజ్‌తో మాకరోనీ చేసే పద్ధతి రాసింది. ఉల్లిని ఇంతసేపు మగ్గబెట్టడం ఫ్రాన్సు వాళ్ల ఉల్లి సూప్‌లో కనిపిస్తుంది. ఆ రెండూ కలిసిన వంట ఇది. మనం దీన్ని మన ఊరు సబ్బవరంలో దొరికే సరుకులతోనే చేద్దాం. పాస్తా, చీజ్ క్యూబులు జంక్షన్ దగ్గరి కొట్లలోనే దొరుకుతాయి. ఖరీదైన విదేశీ చీజ్ కావాలంటే గాజువాకో విశాఖో వెళ్లాలి గానీ, మొదటిసారి చేసేవాళ్లకి దాని అవసరం లేదు.

ఏమేం కావాలి? (నలుగురికి)

పెన్నే గానీ మాకరోనీ గానీ 300 గ్రాములు. ప్యాకెట్ వెనక డ్యూరమ్ గోధుమ రవ్వతో చేసినట్టు రాసి ఉందేమో చూసి కొనండి. మైదాతో చేసిన చౌక రకం త్వరగా మెత్తబడి ముద్దయిపోతుంది.

ఉల్లిపాయలు ముప్పావు కిలో. ఇంత ఎందుకని అనిపిస్తుంది. ఉల్లిలో సుమారు 89 శాతం నీళ్లే. అదంతా ఆవిరయ్యాక మిగిలేది చిన్న గిన్నెడు మాత్రమే. పైపొర ఎండి గలగలమనే పాత ఉల్లి మంచిది. వానాకాలంలో వచ్చే తడి ఉల్లి అయితే ఇంకో పది నిమిషాలు ఎక్కువ పడుతుందని ముందే అనుకోండి.

అర లీటరు పాలు, అంటే ఒక ప్యాకెట్. కాచి, గోరువెచ్చగా చల్లార్చి ఉంచుకోవాలి. విశాఖ డెయిరీ పాలైనా, ఇంటి దగ్గర పోయించుకునే గేదె పాలైనా పనికొస్తాయి. గేదె పాలయితే సాస్ ఇంకాస్త చిక్కగా వస్తుంది.

వెన్న 40 గ్రాములు, నూనె రెండు పెద్ద చెంచాలు, మైదా రెండు పెద్ద చెంచాలు. వెన్న బదులు నెయ్యి వాడితే వంట చెడదు గానీ, నెయ్యి వాసనే పైకి తేలుతుంది.

ప్రాసెస్డ్ చీజ్ క్యూబులు ఐదు. 200 గ్రాముల పెట్టెలో ఎనిమిది ఉంటాయి. ఐదు వాడితే సరిపోతుంది.

వెల్లుల్లి నాలుగు రెబ్బలు, దంచిన మిరియాలు ఒక చిన్న చెంచా, ఉప్పు. ఇంట్లో జాజికాయ ఉంటే చిటికెడు పొడి.

పాత్రల విషయానికొస్తే, అడుగు మందంగా ఉన్న వెడల్పాటి స్టీలు లేదా అల్యూమినియం కళాయి, పాస్తా ఉడకడానికి పెద్ద గిన్నె, చిల్లుల గిన్నె, చెక్క అట్లకాడ. ఇనుప మూకుడు ఈ వంటకి వద్దు. అందులో ఉల్లి నల్లబడి తెల్ల సాస్ మసకబారుతుంది.

మొదటి దశ: ఉల్లి

1. ఉల్లిపాయని తొడిమ నుంచి వేరు దాకా రెండు చెక్కలు చేద్దాం. తొక్క తీసి, అదే నిలువు దిశలో పెన్సిల్‌లో సగం మందాన చీలికలు కోద్దాం. అడ్డంగా చక్రాలు కోస్తే ముప్పావు గంట మగ్గేసరికి కరిగి గుజ్జవుతాయి. మరీ సన్నగా కోస్తే అంచులు మాడతాయి. చీలికలన్నీ ఒకే మందంలో ఉండాలి.

2. కళాయిలో నూనె, పది గ్రాముల వెన్న వేసి మధ్యస్థంగా వేడి చేద్దాం. ఉల్లి మొత్తం వేసి, అర చిన్న చెంచా ఉప్పు చల్లి కలుపుదాం. కళాయి నిండిపోయినట్టు కనిపించినా కంగారు పడకండి, పది నిమిషాల్లో సగానికి దిగుతుంది.

3. మూత పెట్టి ఏడెనిమిది నిమిషాలు వదిలేద్దాం. ఉప్పుకి ఉల్లిలోని నీరు బయటికి వస్తుంది. మధ్యలో ఒక్కసారి కలిపితే చాలు.

4. ఇప్పుడు మూత తీసి మంట తగ్గిద్దాం. మళ్లీ మూత పెట్టకూడదు. కళాయిలో నీళ్లున్నంతసేపు వేడి 100 డిగ్రీలు దాటదు కాబట్టి ఉల్లి ఉడుకుతుందే తప్ప ఎర్రబడదు. ఆ నీళ్లు పోవాలి. రెండు మూడు నిమిషాలకోసారి అట్లకాడతో అడుగు నుంచి కలుపుదాం. ఊరికే కలుపుతూ ఉంటే ఉల్లి అడుగున నిలవదు, రంగు రాదు. అలాగని వదిలేసి ఫోను పట్టుకుంటే అంటుకుపోతుంది.

5. ఇరవై నిమిషాలకి ఉల్లి పసుపుపచ్చగా మెత్తబడుతుంది. మన కూరలకి ఇక్కడే ఆపి టమాటాలు వేసేస్తాం. చాలామంది చేయి ఆగేది కూడా ఇక్కడే. ఆగొద్దు, ఇంకో పాతిక నిమిషాలుంది.

6. అరగంట దాటాక కళాయి అడుగున గోధుమరంగు పొర పడుతుంది. అది మాడు కాదు, రుచంతా అందులోనే ఉంది. రెండు చెంచాల నీళ్లు చిలకరించి, అట్లకాడతో ఆ పొరని గీకి ఉల్లిలో కలిపేద్దాం. నీళ్లు ఇగిరాక పొర మళ్లీ పడుతుంది, మళ్లీ గీకుదాం. ఇలా మూడు నాలుగు సార్లు చేస్తే ఉల్లి రంగు ఒక్కో మెట్టూ ముదురుతుంది. పొర నల్లబడి చేదు వాసన వస్తే మాత్రం గీకవద్దు. ఉల్లిని వెంటనే వేరే గిన్నెలోకి తీసి, కళాయి కడిగి మళ్లీ పొయ్యి మీద పెట్టుకోవాలి.

7. అనకాపల్లి కొత్త బెల్లం దిమ్మ రంగు వచ్చాక సన్నగా తరిగిన వెల్లుల్లి వేసి ఒక్క నిమిషం తిప్పి దించేద్దాం. ఒక పోగు నోట్లో వేసుకుని చూడండి. పంటికి తగలకుండా కరిగి, తియ్యగా ఉండాలి. కరకరలాడితే మంట ఎక్కువయిందని అర్థం. బిరియానీ మీద చల్లే వేయించిన ఉల్లి వేరు, ఇది వేరు.

8. ఉల్లిలో ముప్పావు వంతు సాస్ కోసం ఉంచి, పావు వంతు వడ్డించేటప్పుడు పైన వేయడానికి పక్కకి తీసిపెడదాం.

రెండో దశ: పాస్తా

9. పెద్ద గిన్నెలో మూడు లీటర్ల నీళ్లు మరగనిద్దాం. నీళ్లు బాగా పొర్లాకే మూడు చిన్న చెంచాల ఉప్పు, తర్వాత పాస్తా వేయాలి. చన్నీళ్లలో వేసి పొయ్యి మీద పెడితే పైన జిగురు, లోపల పిండి. వేసిన మొదటి రెండు నిమిషాలు తప్పకుండా కలపాలి, ముక్కలు ఒకదానికొకటి అంటుకునేది అప్పుడే.

10. ప్యాకెట్ మీద రాసిన సమయానికి రెండు నిమిషాల ముందే ఒక ముక్క కొరికి చూద్దాం. మధ్యలో కాస్త పలుకుండాలి. మిగతాది సాస్‌లో ఉడుకుతుంది.

11. వార్చే ముందు ఒక పెద్ద గ్లాసుడు ఉడుకునీళ్లు పక్కన పెట్టుకోవడం మరిచిపోవద్దు. పాస్తా గంజి సాస్‌ని పల్చబరిచినా విరగనివ్వదు. తర్వాత పాస్తాని చిల్లుల గిన్నెలో వార్చేద్దాం. చన్నీళ్లతో కడగకూడదు, కడిగితే సాస్ పట్టుకోదు.

మూడో దశ: సాస్, కలపడం

12. ఉల్లి వేగిన కళాయిలోనే మిగిలిన 30 గ్రాముల వెన్న కరిగిద్దాం. సన్న సెగ మీద మైదా వేసి ఒకటిన్నర నిమిషం తిప్పుదాం. పచ్చి పిండి వాసన పోవాలి గానీ రంగు మారకూడదు.

13. గోరువెచ్చని పాలు మూడు విడతలుగా పోద్దాం. మొదటి విడతకి అది ముద్దలా బిగుసుకుంటుంది, భయపడకుండా నునుపయ్యేదాకా కలపండి. తర్వాతే రెండో విడత. పాలన్నీ ఒక్కసారి గుమ్మరిస్తే ఉండలు కడతాయి. కట్టాయా, వడకట్టేయండి, నష్టం లేదు. నాలుగైదు నిమిషాలకి సాస్ గరిటె వెనక పొరలా నిలుస్తుంది.

14. ముప్పావు వంతు ఉల్లి, మిరియాలు, జాజికాయ పొడి వేసి కలిపి పొయ్యి ఆపేద్దాం. ఆపాకే తురిమిన చీజ్ వేయాలి. ఉడుకుతున్న సాస్‌లో వేస్తే చీజ్ గట్టిపడి రవ్వరవ్వగా విరిగి నూనె తేలుతుంది. ప్రాసెస్డ్ చీజ్‌లో కరిగేటప్పుడు విడిపోకుండా ఉంచే లవణాలుంటాయి కనుక కొత్తవాళ్లకి అదే సురక్షితం.

15. వార్చిన పాస్తా వేసి, గంజినీళ్లు కొంచెం కొంచెంగా పోస్తూ సన్న సెగ మీద ఒక నిమిషం కలుపుదాం. సాస్ మీకు కావలసినదానికన్నా ఒక పిసరు పల్చగా ఉండగానే దించాలి. పళ్లెంలోకి వెళ్లేలోపు అదే చిక్కబడుతుంది.

16. ఇప్పుడు ఉప్పు చూద్దాం. అంతకుముందు వేయొద్దు. చీజ్‌లో ఉంది, ఉల్లిలో వేశాం, పాస్తా నీళ్లలో వేశాం, వెన్నలోనూ ఉండొచ్చు. చాలాసార్లు అసలు వేయక్కర్లేదు. పక్కన పెట్టిన ఉల్లి పైన పరిచి వెంటనే వడ్డించండి.

ఒక్క పొయ్యే ఉంటే

ఇక్కడి న్యాయ విశ్వవిద్యాలయం పిల్లల్లో గది తీసుకుని ఒక్క ఇండక్షన్ స్టవ్ మీద వండుకునేవాళ్లుంటే, వరస ఇది: ముందు ఉల్లి మగ్గించి గిన్నెలోకి తీసేయండి. తర్వాత పాస్తా వార్చి, ఆరిపోకుండా ఒక చెంచా నూనె పట్టించి మూత పెట్టండి. చివర్న సాస్. ఇండక్షన్‌లో మరీ తక్కువ అంకె పెడితే స్టవ్ ఆగి ఆగి వేడెక్కుతుంది. వేడెక్కిన ప్రతిసారీ ఉల్లి అడుగంటే ప్రమాదం ఉంది కాబట్టి గ్యాస్ మీద కన్నా తరచుగా కలపండి.

తరచు జరిగే తప్పులు

పెద్ద మంట పెట్టి పదిహేను నిమిషాల్లో ముగించాలనుకోవడం అన్నిటికన్నా పెద్ద తప్పు. అంచులు నల్లగా, మధ్యలో పచ్చిగా వచ్చి, ఆ చేదు సాస్ మొత్తానికి పడుతుంది.

త్వరగా రంగు రావాలని వంటసోడా వేయమంటారు కొందరు. రంగు వస్తుంది, కానీ ఉల్లి జావ అయిపోయి సబ్బు రుచి తగులుతుంది. పంచదారా బెల్లమూ కూడా వద్దు. పక్కనే అనకాపల్లి బెల్లం ఉన్నా సరే, ఈ వంటకి ఉల్లి తీపి చాలు. అదనపు తీపి వేస్తే పిల్లలు కూడా నాలుగు ముద్దలకి మొహం తిప్పేస్తారు.

నిమ్మరసం, టమాటా పులుపు ఈ సాస్‌లో వేయకండి, పాలు విరుగుతాయి. పనీర్ చీజ్‌కి బదులు కాదు, అది కరగదు.

ఈ పాస్తా ఆరితే బిగుసుకుంటుంది. మిగిలితే అర గ్లాసు పాలు పోసి సన్న సెగ మీద మాత్రమే వేడి చేయాలి. వచ్చేసారి కిలోన్నర ఉల్లి ఒకేసారి మగ్గించి సగం దాచుకోండి. మూత గట్టిగా ఉన్న డబ్బాలో ఫ్రిజ్‌లో నాలుగు రోజులుంటుంది. ఆమ్లెట్‌లోకి, ఊతప్పం మీదకి, బ్రెడ్ మధ్యలోకి పనికొస్తుంది. అది చేతిలో ఉంటే ఈ పాస్తా ఇరవై ఐదు నిమిషాల వంట.