నవజాత శిశువుల రక్తపరీక్ష

పుట్టిన బిడ్డ పాలు త్రాగి హాయిగా నిద్రించుచున్నచో తల్లిదండ్రులు నిశ్చింతగా నుందురు. కాని కొన్ని వ్యాధులు పుట్టిననాడు కంటికి గానరావు. అట్టివానిలో నొకటి థైరాయిడ్ లోపము. థైరాయిడ్ అనునది మెడయందలి యొక చిన్న గ్రంథి. దాని రసము చాలనిచో దేహము సరిగా ఎదుగదు, మెదడు వికసింపదు. గర్భమందుండగా తల్లి రసము బిడ్డకు కొంత తోడ్పడును గనుక పుట్టగానే లోపము బయటపడదు. కొన్ని నెలలకు మాంద్యము, బొంగురు ఏడుపు, మలబద్ధము గనబడును గాని, అప్పటికి మెదడునకు గలిగిన నష్టము పూర్తిగా తీరదు. మొదటి రెండు వారములలో ఔషధ మారంభించినచో ఆ బిడ్డయు తోడివారివలెనే పెరిగి బడికి బోగలదు. ఆ ఔషధమో, దినమున కొకసారి నూరి తల్లిపాలతో పట్టదగిన చిన్న మాత్ర!

కావున లక్షణములకై వేచియుండక ముందే వెదకవలెను. అమెరికా శాస్త్రజ్ఞుడు రాబర్ట్ గత్రీ మరియొక పుట్టువ్యాధిని కనుగొనుటకై 1963వ సంవత్సరమున నొక సులభమార్గమును ప్రకటించెను. బిడ్డ మడమను సూదితో పొడిచి, కొన్ని రక్తబిందువులను వడపోత కాగితముపై నద్ది, ఆరబెట్టి, పరిశోధనాలయమునకు తపాలాలో పంపవచ్చును. తరువాత థైరాయిడ్ పరీక్షకును ఈ పద్ధతియే యుపయోగపడెను.

ధనము తక్కువైన దేశములలో నిది సాధ్యమా? ఏడువేలకు పైగా ద్వీపములుగల ఫిలిప్పైన్ దేశమును జూతము. అచ్చట 1996లో మనీలా ప్రాంతమునందలి 24 ఆసుపత్రులలో పని మొదలిడిరి. ఆ కాలమున పెక్కుమంది తల్లులు ఇండ్లలోనే ప్రసవించుచుండిరి. అందుచే 2004లో చేసిన శాసనము, వైద్యునకేగాక నర్సునకును మంత్రసానికిని గూడ, ప్రసవమునకు ముందే తల్లిదండ్రులకు పరీక్షనుగూర్చి తెలుపు బాధ్యత నొసగెను. మతవిశ్వాసముచే వలదనువారు ఆ మాట వ్రాసి యీయవలెను.

ఆ శాసనమునందు మాకు మిక్కిలి నచ్చినది మరియొకటి కలదు. రక్తము తీయుటతో పని ముగియలేదు. మొదటి ఫలితము అనుమానమే గాని నిర్ణయము గాదు. ఆ బిడ్డను వెదకి రప్పించి, మరల పరీక్షించి, వ్యాధి యున్నచో చికిత్స చేయించుటయు కార్యక్రమములో భాగమే. ఇల్లు దొరకనిచో ఆ రక్తపు మరక వలన ప్రయోజన మేమి? కాగితముపై చిరునామాను తప్పులేక వ్రాయుట వైద్యమంత ముఖ్యము.

మన దేశమున 2007లో ఆరంభమై, హైదరాబాదుతో గూడ అయిదు నగరములలో లక్షకు పైగా శిశువులను పరీక్షించిన పరిశోధనలో సుమారు 1,130 మందిలో నొకరికి థైరాయిడ్ లోపము కనబడెను. అయినను ఈ పరీక్ష మనకు అన్ని ప్రసూతిశాలలలో నింకను జరుగుట లేదు.

కావున విద్యార్థులారా, మీ యింట బిడ్డ పుట్టబోవుచున్నచో ఈ పరీక్ష చేయుదురా యని ఆసుపత్రిలో అడుగుడని పెద్దలతో చెప్పుడు. చేసినచో ఫలితము వచ్చువరకు విడువక విచారింపుడు. చదువు నేర్చినందులకు మనము చేయదగిన చిన్న సేవ యిది.