చాప కింద నీరు

పాఠ్యాంశ ఉద్దేశం : జబ్బు బయటపడక ముందే దానిని గుర్తించే పరీక్షల అవసరాన్ని తెలుసుకోవడం, ఇంటి పెద్దల ఆరోగ్యం పట్ల పిల్లల బాధ్యతను గ్రహించడం.

ఆరోగ్యమే మహాభాగ్యమని పెద్దలు అన్నారు. భాగ్యమున్నవాడు దానిని అప్పుడప్పుడు లెక్క చూసుకుంటాడు. పెట్టెలో ఎంత ఉన్నది, ఎంత తరిగింది అని సరిచూసుకుంటాడు. ఆరోగ్యం విషయంలో మాత్రం మనలో చాలామంది అంతా పోయిన తరువాతనే పెట్టె తెరుస్తారు.

తిరువళ్ళూరు జిల్లాలో ఆరణి అనే ఊరున్నది. ఆంధ్ర ప్రాంతం నుండి వచ్చే ఆరణియారు ఈ సీమ గుండా సాగి పులికాటు సరస్సులో కలుస్తుంది. తెలుగు, తమిళం రెండూ వినిపించే సీమ ఇది. ఆ ఊరిలో ఒక ఉదయాన్ని ఊహించుకోండి. భుజాన సంచి తగిలించుకొని ఒక ఆరోగ్య కార్యకర్త ఇల్లిల్లూ తిరుగుతున్నది. ఒక ఇంటి అరుగు మీద యాభై ఏళ్ళు దాటిన పెద్దమనిషి కూర్చొని ఉన్నాడు.

"మామా! బి.పి. చూడాలి. చెయ్యి ఇలా చాపండి."

"నాకేమమ్మా! రాయిలా ఉన్నాను. ఇప్పుడే రెండు మైళ్ళు నడిచి వచ్చాను. జబ్బున్నవాళ్ళ ఇంటికి పో."

"జబ్బున్నవాళ్ళు వాళ్ళే ఆసుపత్రికి పోతారు మామా. నేను వచ్చింది బాగున్నామనుకునే వాళ్ళ కోసమే."

ఆయన నవ్వి చెయ్యి చాపాడు. రక్తపోటు 160/100 ఉన్నది. నడిచి వచ్చినందువల్ల పెరిగిందేమోనని ఆమె కాసేపు ఆయనను ఊరికే కూర్చోబెట్టి మళ్ళీ చూసింది. అంకెలు దాదాపు అవే.

"తలనొప్పి కూడా లేదే!" అన్నాడాయన.

"దీని గుణమే అది మామా. చాప కింద నీరులా వస్తుంది. రేపు ప్రాథమిక ఆరోగ్య కేంద్రానికి రండి. డాక్టరమ్మ మళ్ళీ చూసి చెబుతారు."

ఆ కార్యకర్త చెప్పినది అక్షరాలా నిజం. దెబ్బ తగిలితే నొప్పి పుడుతుంది. జ్వరం వస్తే ఒళ్ళు కాలుతుంది. రక్తపోటు, మధుమేహం అలా కావు. అవి ఏళ్ళ తరబడి ఏ బాధా కలిగించకుండా గుండెను, మూత్రపిండాలను, కళ్ళను, మెదడులోని రక్తనాళాలను దెబ్బతీస్తాయి. బాధ తెలిసేసరికి పక్షవాతమో, గుండెపోటో, చూపు తగ్గడమో జరిగిపోతుంది. అప్పుడు పడే ఆరాటం చేతులు కాలాక ఆకులు పట్టుకోవడమే. అందుకే ఒంట్లో బాగున్నప్పుడే చేయించుకునే ముందు జాగ్రత్త పరీక్షలు అవసరం. వీటినే వాడుకలో 'చెకప్' అంటున్నాం.

రక్తపోటును చేతికి పట్టీ చుట్టి కొలిచే సాధనాన్ని 1896లో ఇటలీ దేశపు వైద్యుడు రివా-రోచి రూపొందించాడు. 1905లో రష్యా వైద్యుడు కొరొట్కోఫ్ ఆ పట్టీ దిగువన స్టెతస్కోపు ఉంచి, నాడి చప్పుడును బట్టి పై అంకెను, కింది అంకెను కనిపెట్టే పద్ధతి చెప్పాడు. పెద్దలకు 120/80 లోపు ఉండడం మంచిది. వేరువేరు రోజులలో చూసినా 140/90 గాని, అంతకు మించి గాని ఉంటే అది అధిక రక్తపోటు. ఇక పరగడుపున రక్తంలో చక్కెర 100 మిల్లీగ్రాముల లోపు ఉండాలి. 126 గాని, అంతకు మించి గాని ఉండి, మరొకసారి చూసినా అలాగే తేలితే మధుమేహం. ఈ రెండింటి నడుమ ఉన్నవారు గట్టు మీద నిలిచినవారు. తిండి, నడక సరిదిద్దుకుంటే వారిలో చాలామంది వెనక్కు రాగలరు. మన దేశంలో 2021 నాటికి సుమారు 10 కోట్ల 10 లక్షల మందికి మధుమేహం ఉన్నదని, మరో 13 కోట్ల 60 లక్షల మంది గట్టు మీద ఉన్నారని 2023లో ప్రకటించిన ఒక పెద్ద పరిశోధన అంచనా వేసింది. మద్రాసు డయాబిటిస్ రీసెర్చ్ ఫౌండేషన్, భారత వైద్య పరిశోధన మండలి కలిసి దీనిని చేశాయి.

క్యాన్సర్ సంగతి ఇంకా విషాదకరమైనది. మద్రాసు వైద్య కళాశాలలో 1912లో పట్టా పొందిన డాక్టర్ ముత్తులక్ష్మీరెడ్డి గారి సోదరి ఆ వ్యాధితోనే మరణించింది. ఇంట్లోనే వైద్యురాలు ఉండి కూడా సోదరిని కాపాడుకోలేకపోయిన ఆ దుఃఖం ఆమెను జీవితాంతం వెంటాడింది. క్యాన్సర్‌కు ప్రత్యేక వైద్యాలయం ఉండాలని ఆమె ఏళ్ళ తరబడి పట్టుబట్టారు. ఫలితంగా 1954లో అడయారులో 12 పడకలతో క్యాన్సర్ ఇన్‌స్టిట్యూట్ మొదలయింది. మరుసటి ఏడు అక్కడ చేరిన డాక్టర్ వి. శాంత 2021లో కన్నుమూసేవరకు ఆ సంస్థకే అంకితమయ్యారు. వ్యాధిని తొలిదశలో పట్టుకోవడం ఎంత అవసరమో ఆమె జీవితమంతా చెబుతూ వచ్చారు.

తొలిదశలో పట్టుకుంటే ప్రాణాలు నిలుస్తాయా? ఈ ప్రశ్నకు మన రాష్ట్రంలోని దిండిగల్ జిల్లా గ్రామాలే జవాబిచ్చాయి. 2000 సంవత్సరంలో అక్కడ 30 నుండి 59 ఏళ్ళ స్త్రీలకు గర్భాశయ ముఖద్వార క్యాన్సర్ పరీక్షలు మొదలుపెట్టారు. ఖరీదైన యంత్రం ఏదీ లేదు. వెనిగర్‌లో ఉండే పుల్లని ఆమ్లాన్ని నీళ్ళలో కలిపి పూస్తే, చెడిన చోటు ఒక నిమిషంలో తెల్లబడుతుంది. శిక్షణ పొందిన నర్సులే దానిని గుర్తించారు. వీలైన వారికి ఆ చోటును గడ్డకట్టించి చికిత్స కూడా చేశారు. 2007లో ఫలితాలు వెలువడ్డాయి. పరీక్షలు జరపని గ్రామాలతో పోల్చి చూస్తే, జరిపిన గ్రామాలలో ఈ క్యాన్సర్ మరణాలు నూటికి 35 వంతులు తగ్గాయి. వ్యాధి ముదరక ముందే కనిపెట్టడాన్ని మించిన దివ్యౌషధం ఏమున్నది?

అయితే ఇందులోనే మరొక లెక్క ఉన్నది. ఆ గ్రామాలలో పరీక్షకు అర్హులైన స్త్రీలు 49,311 మంది. వచ్చినవారు 31,343 మంది. తక్కిన 17,968 మంది రాలేదు. అంటే ముగ్గురిలో ఒకరికి మించి మిగిలిపోయారన్నమాట. సిగ్గు, భయం, పొలం పని, కూలి పోతుందన్న బెంగ, "నాకేమైంది?" అన్న ధీమా, ఇలాంటి అడ్డంకులు ఏ ఊరిలోనైనా ఉన్నవే. పరీక్ష ఉండడం ఒక ఎత్తు, మనిషి దాని దగ్గరకు రావడం మరొక ఎత్తు.

మనిషి రాకపోతే వైద్యమే మనిషి దగ్గరకు పోవాలి. ఈ తలంపుతోనే తమిళనాడు ప్రభుత్వం 2021 ఆగస్టు 5న కృష్ణగిరి జిల్లా సామనపల్లిలో 'మక్కళై తేడి మరుత్తువం' అనే పథకాన్ని ప్రారంభించింది. ఆ పేరుకు 'ప్రజలను వెతుక్కుంటూ వచ్చే వైద్యం' అని అర్థం. స్వయం సహాయక సంఘాల స్త్రీలు శిక్షణ పొంది, ఇంటింటికీ పోయి రక్తపోటు, చక్కెర చూడడం, మందులు అందించడం ఇందులో ముఖ్యమైన పనులు. 2024లో ఐక్యరాజ్యసమితి ఈ పథకానికి పురస్కారం ఇచ్చింది. పైన మనం ఊహించుకున్న కార్యకర్త అటువంటి స్త్రీయే.

పరీక్షలు మంచివని ప్రతి పరీక్షా అందరూ చేయించుకోవలసిన పని లేదు. దక్షిణ కొరియాలో 1999 తరువాత ఏ బాధా లేనివారు కూడా మెడకు స్కానింగ్ చేయించుకోవడం అలవాటయింది. 2011 నాటికి థైరాయిడ్ క్యాన్సర్ కేసులు 1993 నాటి కంటే 15 రెట్లు అయ్యాయి. మరణాలు మాత్రం తగ్గలేదు. ప్రాణానికి ముప్పు తేని చిన్న కణితులకు కూడా ఎందరో ఆపరేషన్లు చేయించుకున్నారు. కనుక ప్రకటనలలో కనిపించే పరీక్షలన్నింటికీ డబ్బు పోయవలసిన పని లేదు. 30 ఏళ్ళు నిండిన వారికి మన దేశపు ఆరోగ్య కార్యక్రమం చెప్పేవి కొద్దిపాటివే : ఏడాదికొకసారి రక్తపోటు, చక్కెర, ఐదేళ్ళకొకసారి నోటి పరీక్ష, స్త్రీలకు రొమ్ము, గర్భాశయ ముఖద్వార పరీక్షలు. పొగాకు నమిలేవారు నోటిలో మానని పుండును అసలు ఉపేక్షించరాదు. మధుమేహం ఉన్నవారు ఏటా కళ్ళు చూపించుకోవాలి. ఇవి ప్రభుత్వ ఆరోగ్య కేంద్రాలలో ఉచితంగా చేస్తారు. పరీక్షలో అనుమానం కలిగినంత మాత్రాన జబ్బు ఉన్నట్లు కాదు. డాక్టరు మళ్ళీ చూసి నిర్ధారిస్తారు. ఒంట్లో ఏదైనా బాధ ఉన్నవారు మాత్రం చెకప్ రోజు కోసం ఎదురుచూడక వెంటనే ఆసుపత్రికి పోవాలి.

ఇదంతా పెద్దల సంగతి, పిల్లలకెందుకు అనిపించవచ్చు. అమ్మ అందరికీ వడ్డించి తాను చివర తింటుంది. తన ఒంటి సంగతి కూడా చివరనే తలచుకుంటుంది. నాన్న మీ జ్వరానికి పరుగెత్తుతాడు, తన అలసటను "ఏముందిలే" అని దులిపేసుకుంటాడు. వారి చేతిలో చీటీ పెట్టి, "అమ్మా, ఈ శనివారం నేను తోడు వస్తాను, పోదాం పద" అనగలవారు మీరే. ఆ ఒక్క మాటే వారికి మీరు చేయగల మహోపకారం.

అభ్యాసం

అ. పదాలు – అర్థాలు
అరుగు = ఇంటి ముందరి తిన్నె
పరగడుపు = ఏమీ తినని కడుపు
ధీమా = ధైర్యం, నిశ్చింత
ఉపేక్షించు = పట్టించుకోకుండా విడుచు

ఆ. కింది ప్రశ్నలకు జవాబులు రాయండి.
1. "నేను వచ్చింది బాగున్నామనుకునే వాళ్ళ కోసమే" అని కార్యకర్త ఎందుకు అన్నది?
2. దిండిగల్ గ్రామాల పరీక్షల వలన తెలిసిన రెండు సంగతులు ఏవి?
3. దక్షిణ కొరియా అనుభవం మనకు ఏమి నేర్పుతుంది?

ఇ. కింది జాతీయాలను సొంత వాక్యాలలో ప్రయోగించండి.
చాప కింద నీరు. చేతులు కాలాక ఆకులు పట్టుకొను

ఈ. కింది పదాలను విడదీసి, సంధి పేరు రాయండి.
వైద్యాలయం, దివ్యౌషధం, మహోపకారం

ఉ. చేయండి
మీ ఇంట్లో 30 ఏళ్ళు దాటినవారు రక్తపోటు, చక్కెర చివరిసారి ఎప్పుడు చూపించుకున్నారో అడిగి తెలుసుకోండి. మీ ఊరి ఆరోగ్య కేంద్రంలో పరీక్షలు జరిపే రోజును కనుక్కొని, ఆ తేదీని వారికి చీటీ మీద రాసి ఇవ్వండి.