మరణించిన వ్యక్తి బకాయిలు: వారసుల బాధ్యత ఎంత?

తండ్రి చనిపోయాక ఆయన పేరిట పన్ను నోటీసు వస్తే కుటుంబం హడలిపోతుంది. కానీ చట్టం వారసుడి సొంత సంపాదన జోలికి సాధారణంగా వెళ్లదు. పరీక్షకే కాదు, జీవితానికీ పనికొచ్చే అంశమిది.

ముఖ్యాంశాలు

* ఆదాయపు పన్ను చట్టం-1961 (2026 మార్చి 31 వరకు), సెక్షన్ 159: మృతుడి పన్నును చట్టబద్ధ ప్రతినిధి చెల్లించాలి. అయితే సంక్రమించిన ఆస్తి విలువ మేరకే. బకాయి రూ.10 లక్షలు, ఆస్తి రూ.4 లక్షలైతే వసూలయ్యేది రూ.4 లక్షలే. పన్ను కట్టకుండా ఆ ఆస్తిని అమ్మేస్తే మాత్రం దాని విలువ మేరకు వ్యక్తిగత బాధ్యత తప్పదు.
* కేంద్ర వస్తు, సేవల పన్ను (సీజీఎస్‌టీ) చట్టం-2017, సెక్షన్ 93: వ్యాపారం కొనసాగించే వారసుడు బకాయి కట్టాలి. వ్యాపారం ఆగిపోతే మృతుడి ఆస్తి నుంచే రాబట్టాలి.
* సివిల్ ప్రొసీజర్ కోడ్-1908, సెక్షన్ 50: కోర్టు డిక్రీ అమలులోనూ వారసుడి చేతికి వచ్చిన ఆస్తే హద్దు.
* హిందూ వారసత్వ సవరణ చట్టం-2005: తండ్రి, తాతల అప్పు తీర్చడం కొడుకు, మనవడి ధర్మమన్న ఒక్క కారణంతో వసూలు చేయడం ఆ ఏడాది సెప్టెంబరు 9 తర్వాతి అప్పులకు చెల్లదు.
* లిమిటేషన్ చట్టం-1963, ఆర్టికల్ 112: ప్రభుత్వం దావా వేసేందుకు సాధారణంగా 30 ఏళ్ల గడువు.

మాదిరి ప్రశ్న

మృతుడి ఆదాయపు పన్ను బకాయికి వారసుడి బాధ్యత ఎంతవరకు?
1) పూర్తిగా 2) సగం 3) సంక్రమించిన ఆస్తి మేరకు 4) అసలు లేదు
జవాబు: 3