తెరవెనుకనున్న కలము

విద్యార్థులారా! చలనచిత్రము చూచి వచ్చినవారిని "అందెవరు నటించిరి?" అని యడుగుడు, వెంటనే చెప్పుదురు. "ఆ మాటలు వ్రాసిన వారెవరు?" అని యడుగుడు, పలువురు మౌనము వహింతురు. విత్తనము మంటిలో మరుగుపడి పైరు మాత్రమే కంటికి కనబడునట్లు, చిత్రమునందు రచయిత తెరవెనుకనే యుండును. అట్టి రచయితలలో నొకరు పాలగుమ్మి పద్మరాజుగారు. కథకులుగా వారిని లోక మెరుగును. చిత్రరచయితలుగా నెరిగినవారు కొందరే.

పద్మరాజుగారు 1915వ సంవత్సరమున పశ్చిమ గోదావరి జిల్లాలోని తిరుపతిపురమున జన్మించిరి. మన కోనసీమనుండి వసిష్ఠ గోదావరి దాటినచో ఆ సీమయే. వారు కాకినాడ పిఠాపురము రాజావారి కళాశాలలో విజ్ఞానశాస్త్రమును బోధించుచు కథలు వ్రాసిరి. "గాలివాన" యను వారి కథకు 1952లో న్యూయార్క్ హెరాల్డ్ ట్రిబ్యూన్ పత్రిక జరిపిన ప్రపంచ కథానికల పోటీలో ద్వితీయ బహుమతి లభించెను. 1996 నవంబరు తుపానులో కొబ్బరితోటలు నేలకొరిగిన తీరును మీ పెద్దలవలన వినియే యుందురు. ఆ కథలో, నియమములే జీవితమని నమ్మిన యొక పెద్దమనిషి అట్టి తుపాను రాత్రి భయముతో వణకిపోవును. తాను చులకనగా చూచిన బిచ్చగత్తెయే వానికి ధైర్య మిచ్చును.

పిదప పద్మరాజుగారు అధ్యాపకవృత్తిని విడిచి చిత్రరంగమున ప్రవేశించిరి. దర్శకులు బి.ఎన్. రెడ్డిగారి "బంగారుపాప" చిత్రమునకు రచన చేసిరి. ఇది 1955లో వెలువడెను. దీనికి మూలము "సైలస్ మార్నర్" అను ఆంగ్ల నవల. జార్జి ఇలియట్ అను కలము పేరుతో నొక విదుషీమణి దానిని 1861లో ప్రచురించెను. అందలి నాయకుడు నేతగాడు. చేయని దొంగతనము మీదపడగా ఊరు విడిచి, బంగారము కూడబెట్టుటయే బ్రతుకుగా జీవించును. ఆ బంగారమును దొంగ యొకడు ఎత్తుకొని పోవును. మంచు కురియు రాత్రి యొక పసిపాప వాని యింట చేరును. ఆమె పసిడి జుట్టును చూచి, తన బంగారమే తిరిగి వచ్చినదని వాడు భ్రమించును.

మన పల్లెలలో మంచు కురియదు. పిల్లల జుట్టు పసిడివన్నె కాదు. మక్కికి మక్కి దించినచో తెలుగువారికి రుచింపదు. కావున నేతగాని మగ్గము పోయి కమ్మరి కొలిమి వచ్చెను. కమ్మరి కోటయ్య చేయని నేరమునకు చెరసాల పాలై, పగతో మరలి వచ్చును. దారిలో దొరికిన పసిపాప వాని పగను కరగించును. నవలాకారుడు పాత్ర మనసును పుటలకొలది వివరింపవచ్చును; చిత్రరచయితకు ఆ వీలు లేదు. రెండు మూడు మాటలలో, ఒక చేష్టలో అంతయు తెలియవలెను. ఎస్.వి. రంగారావుగారు కోటయ్యగా నటించి ఆ మాటలకు ప్రాణము పోసిరి. ఆ యేటి ఉత్తమ తెలుగు చిత్రముగా దీనికి రాష్ట్రపతి రజత పతకము లభించెను.

పిమ్మట "భాగ్యరేఖ" (1957), "రంగులరాట్నం" (1966), "బంగారు పంజరం" (1969) చిత్రములకును వారు రచన చేసిరి. 1961లో "బికారి రాముడు" చిత్రమునకు దర్శకత్వము వహించిరి. "నల్లరేగడి", "బతికిన కాలేజి" వంటి నవలలను వెలువరించిరి. 1983లో కీర్తిశేషులైరి. 1985లో "గాలివాన" కథాసంపుటమునకు కేంద్ర సాహిత్య అకాడమీ పురస్కార మీయబడెను. దానిని కన్నులార చూచు భాగ్యము వారికి లేకపోయెను.

పరుల కథను గైకొనుట దోషము కాదు. దానిని మన నేలలో నాటి మన నీరు పోసి పెంచుటయే ప్రతిభ. ఇకమీదట చిత్రారంభమున రచయిత పేరు కనబడినపుడు, బాలలారా, ఒక్క క్షణము నిలిచి చదువుడు. తెరపై మీరు విను ప్రతి మాటకును వెనుక నొక కలము మేలుకొని యున్నదని మరువకుడు.

ప్రశ్నలు

1. ఆంగ్ల నవలలోని నేతగాని కథ తెలుగు చిత్రమున నెట్లు మారెను? ఆ మార్పు లేల అవసరమయ్యెను?
2. నవలా రచనకును చిత్రరచనకును గల భేదమేమి?
3. మీకు నచ్చిన కథనొకదానిని నాటకముగా వ్రాయుడు.